జుమికితీగ చరిత్రము



రాజుల చరిత్రములును కోటల చరిత్రములును తమరు పలుమారు వినియున్నారు. ఆదవాని కోటను గూర్చి చెప్పుమన్నచో మీలో ననేకులు నాకంటె బాగుగా చెప్పగలరు. ఈ దినమున నేను చెప్పబోవునది యొక తీగచరిత్రము. మన సీమలో దానికి పాదు చేసినవారును లేరు, నీరు పోసినవారును లేరు. అయినను ఆదోనినుండి ఎమ్మిగనూరునకు బోవు బాటప్రక్కల కంపలమీదను, తుంగభద్ర దిగువకాలువ గట్లమీదను, పాడుపడిన గోడలమీదను, శ్మశానపు కంచెలమీదను అది యల్లుకొనియుండుట నేను చూచితిని. మీరును చూచియే యుందురు. పశువులకాపరి పిల్లలు దాని పండ్లు తినుచుందురు గనుక వారికి మనకంటె బాగుగా తెలియును.

ఆకు మూడు మొనలుగా చీలి నూగుతో గూడియుండును. చేతితో నలిపినచో వెగటువాసన వేయును. నులితీగలతో దొరికినదానిని చుట్టుకొని పైకి ప్రాకును. పువ్వు తెలుపు, నడుమ ఊదాచాయ కలదు. ఉదయమున విచ్చి, ప్రొద్దు బాగుగా ఎక్కునప్పటికి ముడుచుకొనును. కాయ సన్నని పచ్చని వలలో దాగియుండును. పండినపిమ్మట పసుపువన్నెకు తిరుగును. పరిమాణమున చిన్న నిమ్మకాయకంటె తక్కువ. లోపల నీరుదేరిన తెల్లని గుజ్జు, నల్లని గింజలు, తీపి. ఇంత చెప్పిన తరువాత, “ఓహో, అదియా!” అని మీలో కొందరైనను అనుకొనియుందురు.

మన పుస్తకములలో దీనికి తెల్లజుమికి యనియు, జూకామల్లె యనియు పేర్లు కలవు. కన్నడమువారు కుక్కిబళ్ళి యందురు. మలయాళమువారు పిల్లిపండు అను నర్థము వచ్చునట్లు పూచప్పళ మందురు. వంగదేశమున ఈ జాతి తీగలను ఝుమకోలత యని పిలుతురు. జుమికి యనునది స్త్రీలు చెవుల కలంకరించుకొను వ్రేలాడు భూషణము. హిందూస్తానీలోని ఝుమ్కాకు అది చుట్టము. జూకాయు చెవియాభరణమే. మల్లె యనుట పూవు తెలుపగుటచే; మల్లెజాతితో దీనికి సంబంధ మేమియు లేదు. గోదావరికి ఈవలను, గంగకు ఆవలను జనులు ఒకరి నొకరు సంప్రదింపకయే ఒకే నగపేరు దీనికి పెట్టుట చూడగా ముచ్చట కలుగుచున్నది. కాని యిందు ఒక చారిత్రక సూచనయు నున్నది. వేప, మఱ్ఱి, తుమ్మ, తంగేడు, ఉత్తరేణి అను చెట్ల పేర్లు మరి యే వస్తువునుండియు ఎరువు తెచ్చుకొన్నవి కావు. ఎరువునగవలె ఎరువుపేరు ధరించిన మొక్క యెదురైనచో, ఇది క్రొత్తగా వచ్చిన కోడలేమో యని విచారింపవలసి యుండును.

బాల్యమున నేను గురువుగారి యెదుట అమరకోశము వల్లించినవాడను. ద్వితీయకాండమున వనౌషధివర్గ మున్నది. అందు చెట్టు, తీగ, పొద, గడ్డి, దుంప అన్నింటికిని పర్యాయపదములు కలవు. తిప్పతీగకు ఎన్ని పేర్లో! దొండకు ఎన్ని పేర్లో! జుమికికి మాత్రము తావు లేదు. చరకసుశ్రుతులయందును లేదు. ఋషులు దీనిని మరచిరనుకొనుట సరికాదు. వారి కాలమున ఈ తీగ భరతఖండమున లేదు. దీని పుట్టినిల్లు అమెరికాఖండములలోని ఉష్ణప్రాంతము. 1492లో కొలంబసు సముద్రము దాటి పోయిన తరువాతనే ఆ ఖండములలోని మొక్కలు ఈవలి లోకమునకు ప్రాకనారంభించినవి.

ఇచ్చట ఆ దేశమున జరిగిన యొక ముచ్చట చెప్పవలెను. స్పెయిను దేశస్థులు అమెరికాను జయించి అచ్చట తమ మతమును ప్రచారము చేయునప్పుడు, మత గురువులు ఈ జాతి తీగల పూవులను చూచి యాశ్చర్యపడిరి. 1569లో మొనార్డెసు అను స్పానిషు వైద్యుడు అమెరికా మూలికలను గూర్చి వ్రాసిన గ్రంథమున ఈ జాతిని ప్రస్తావించెను. పిదప రోమునగరమున బోసియో అను పండితుడు ఏసుక్రీస్తు సిలువను గూర్చి గ్రంథము వ్రాయుచుండగా, మెక్సికోనుండి వచ్చిన యొక సన్న్యాసి ఈ పూవు చిత్రములను చూపెను. ఇట్టి పూవు నిజముగా నుండునా యని బోసియో మొదట సందేహించి, మరికొందరి సాక్ష్యము విన్న పిమ్మట 1610లో తన గ్రంథమున దీనిని చేర్చెను. పూవు నడుమ కిరీటమువలె నిలిచిన కేసరముల వలయము ముండ్లకిరీట మనియు, మూడు కీలాగ్రములు మూడు మేకు లనియు, అయిదు పుప్పొడితిత్తులు అయిదు గాయము లనియు, పది రేకులు పదిమంది శిష్యు లనియు కాలక్రమమున అర్థము స్థిరపడినది. శిష్యులు పన్నిద్దరు గదా యందురేమో! పట్టియిచ్చినవానిని, ఎరుగనని బొంకినవానిని లెక్కనుండి తీసివేసిరి. రేకులు పదియే యున్నవి మరి!

స్వీడను దేశపు లిన్నేయసు 1753లో మొక్కలకెల్ల లాటినుపేర్లు స్థిరపరచినప్పుడు ఈ కథనే పురస్కరించుకొని పాసిఫ్లోరా యను జాతినామమును గ్రహించెను. మన తీగకు పాసిఫ్లోరా ఫీటిడా యని పేరు. మొదటి మాటకు శ్రమానుభవపుష్ప మనియు, రెండవదానికి దుర్గంధము కల దనియు అర్థము. ఇంగ్లీషు చదివిన కుర్రవాండ్రు కొందరు పాషన్ అనగా మోహమని తలచి దీనిని మోహపుష్ప మందురు. అది పొరపాటు. ఇచ్చటి పాషను క్రీస్తు పడిన బాధ. మన క్రైస్తవ సోదరులు శ్రమ యని చెప్పునది.

ఇక మనవారు ఊరకుండిరా? ఈ జాతిలోని ఊదాపూల తీగలు తోటలలోనికి రాగానే, కిరీటమునందలి కేసరములు నూర్గురు కౌరవు లనియు, అయిదు తిత్తులు పంచపాండవు లనియు, పైనున్న మూడు కీలములు త్రిమూర్తు లనియు చెప్పసాగిరి. కౌరవపాండవపుష్ప మను పేరు నేటికిని వినబడుచున్నది. కొందరు కృష్ణకమల మందురు. నేను తరగతిలో ఒకసారి పిల్లలచేత ఆ కేసరములను లెక్కింపజేసితిని. ఒక పూవులో వచ్చిన లెక్క మరియొక పూవులో రాలేదు. నూరు ఏ పూవులోను రాలేదు. అయినను భారతకథ చెప్పుటకు అది మంచి సాధనమే. పూవు ఒకటియే, రోమువాడు చూచినచో అతని పురాణము, హస్తినాపురమువాడు చూచినచో అతని పురాణము. రెండు కథలును పూవు మనకు పరిచయమైన తరువాత పుట్టినవే కాని, పూవు పుట్టుకను తెల్పునవి కావు. ఈ భేదము పాటింపనిచో చరిత్రము చెడును.

దీనికి సీతాఫలమే సాక్షి. సీతమ్మవారి పేరు, రామఫలమునకు రాములవారి పేరు పెట్టుకొని, వనవాసమున వారు తిన్నారని చెప్పుకొనుచున్నాము. రెండును అమెరికానుండి వచ్చినవే. మిరపకాయయు అచ్చటిదే, మిరియమునకు బదులు కారమిచ్చినది గనుక మిరియము పేరులో పాలుపంచుకొన్నది. పొగాకు, జామ, బొప్పాయి, తుదకు మన ఆదోని మార్కెట్టును నింపు వేరుసెనగయు ఆ ఖండపు సంతానమే. దక్షిణ అమెరికా గింజ లేనిచో మన మెట్టరైతు బ్రతుకు మరియొక విధముగా నుండెడిది.

ఈ రాకపోకలలో మన సీమకును భాగము కలదు. 1565లో రక్కసితంగడి యుద్ధమున విజయనగరము కూలిన కొలది యేండ్లకే ఆదవాని బిజాపూరు సుల్తానుల వశమైనది. బిజాపూరునకు గోవా పొరుగు. గోవాను పోర్చుగీసువారు 1510లోనే పట్టుకొనిరి. వారి యోడలలో అమెరికా వస్తువులు దిగుచుండెను. 1604 ప్రాంతమున అక్బరు పాదుషా పంపగా బిజాపూరునకు వచ్చిన అసద్ బేగు అను ఉద్యోగి అచ్చట పొగాకును మొదటిసారి చూచి, వింతవస్తువని కొంత మూటగట్టుకొని పోయి పాదుషాకు సమర్పించెను. ఆ కాలమున మన ఆదవాని ఆ బిజాపూరు రాజ్యములోనిదే. 1688లో అది మొగలాయీల చేతికి పోవువరకు ఆ సంబంధము నిలిచినది. కోటలు చేతులు మారుచుండగా మొక్కలు మాత్రము ఎవ్వరి సెలవును అడుగక లోపలికి వచ్చుచుండెను.

పొగాకు, మిరప వ్యాపారద్రవ్యములు గనుక వాటిని మనుష్యులు మూటలలో మోసిరి. జుమికిని మోయునవి పక్షులు. పండును తిన్న పిగిలిపిట్ట ఎగిరిపోయి ఏ కంపమీద వాలునో, అచ్చట గింజ పడును. ప్రాకుటకు ఆధారమును సిద్ధముగనే యుండును. కావున ఈ తీగచరిత్రము మన కంచెల చరిత్రముతో ముడిపడియున్నది.

కంచెలను గూర్చి రెండు మాటలు. ఒకప్పుడు మన పొలముల చుట్టును నాగజెముడు దట్టముగా పెరిగియుండెను. అదియు అమెరికా మొక్కయే. దానిపై బ్రతుకు లక్కపురుగువంటి యొక పురుగు అద్దకపురంగు నిచ్చునను ఆశతో కుంపిణీవారు 18వ శతాబ్ది చివర ఆ వ్యాపారమునకు పూనుకొనిరి. రంగు లాభింపలేదు; జెముడు మాత్రము బలిసి పొలములను ఆక్రమించెను. తుదకు 1926లో సింహళమునుండి అదే జాతి పురుగును మరియొక దానిని తెచ్చి మద్రాసు రాజధానిలో విడువగా, కొలది సంవత్సరములలో జెముడు చాలవరకు నశించినది. ఆ ఖాళీని నింపినది సర్కారుతుమ్మ. దాని విత్తనములను అటవీశాఖవారు తెప్పించి 1877లో కడపజిల్లా కమలాపురము ప్రాంతమున నాటించిరి. వంటచెరకు కొరత తీరునని వారి ఊహ. వంటచెరకు దొరికినమాట నిజమే. నేడు వంకలు, చెరువుగర్భములు, బీళ్లు అన్నియు దానివే. ఆ తుమ్మయు అమెరికాదే, దానిపై ప్రాకు జుమికియు అమెరికాదే. సముద్రమునకు ఆవల ఇరుగుపొరుగున నున్నవారు మన యూరి వంకయొడ్డున మరల కలిసికొనిరి!

కాలువలును తోడ్పడినవి. 1953లో తుంగభద్ర ఆనకట్ట పూర్తియైనది. అదే సంవత్సరము అక్టోబరు 1వ తేదీన ఆదోని, ఆలూరు తాలూకాలు బళ్ళారిజిల్లానుండి విడివడి ఆంధ్రరాష్ట్రమున కర్నూలుజిల్లాలో చేరినవి. దిగువకాలువ నీరు వచ్చిన తరువాత గట్లప్రక్కన ఊటచెమ్మ ఏర్పడెను. ఎండిన నల్లరేగడిలో ముడుచుకొనిపోవు తీగ, ఆ చెమ్మచెంత వేసవిలోను పచ్చగానుండును.

కాయచుట్టును వల యున్నదని చెప్పితిని గదా! అది వట్టి యలంకారము కాదు. పూవు క్రింద మూడు పుష్పపుటాకులు దారపుపోగులవలె చీలి యల్లుకొనును. 1938లో మాచాని సోమప్పగారు సహకారసంఘము స్థాపించి పేరు తెచ్చిన ఎమ్మిగనూరు మగ్గములపైన కూడ ఇంత సన్ననిపని అరుదు. పోగులకొనలయందు జిగురుబొట్లు కలవు. మొగ్గను, కాయను తినవచ్చు చిన్నపురుగులు అందు తగుల్కొని చచ్చును. పురుగులను తిను మొక్కలను గూర్చి డార్విను 1875లోనే గొప్ప గ్రంథము వ్రాసెను గాని, జుమికి విషయమున ముఖ్యమైన పరిశోధన మన దేశీయులది. 1995లో దక్షిణాది శాస్త్రజ్ఞులు మువ్వురు బెంగుళూరులోని భారతీయ విజ్ఞాన అకాడమీ పత్రికలో ఒక వ్యాసము ప్రకటించిరి. ఈ వల కాయను కాపాడుటయే గాక, చిక్కిన పురుగులను కొంతవరకు జీర్ణించుకొని ఆ సారమును పీల్చుకొనునట్లు కనుగొంటిమని వారు చూపిరి. గట్టుమీది కలుపుతీగ యందు ఇంత యంత్రము కలదు.

ఇంత వలపన్నినను ఒక సీతాకోకచిలుక దీనిని లెక్కచేయదు. రెక్కలు నారింజవన్నె, నల్లని చుక్కలు, మందగమనము. దాని గొంగళులు జుమికి యాకులనే తిని పెరుగును. జుమికి రాకపూర్వ మవి మనదేశపు రత్నపురుష వంటి మొక్కలను తిని బ్రతికెడివి. ఇప్పుడు క్రొత్తవంటకును అలవాటుపడినవి. ఆకులోని విషమే వాటికి కవచము. పక్షులు వాటిని తినవు.

విషమను మాట వచ్చినది గనుక అసలు సంగతికి వచ్చెదను. మన జొన్నరైతునకు తెలియని విషయము కాదు: వాన తప్పి వాడిన లేతజొన్నను పశువు మేసినచో కడుపుబ్బి, ఊపిరాడక, గడియలో కూలిపోవును. ఆ జొన్నలో నుండు విషమునకు మూలమైన సయనైడు జుమికియొక్క ఆకులోను పచ్చికాయలోను పుట్టును. ఆకు చెక్కుచెదరక యున్నంతవరకు అది కట్టుబడియుండును. నలిపినను, నమలినను విడివడును. పండు పండినపిమ్మట గుజ్జు నిరపాయము. జావా, థాయిలాండు దేశములలో లేతచివుళ్లను ఉడికించి కూరగా తినువారు కలరు. ఉడికించుటలో విషము చాలవరకు ఆవిరియై పోవును. మనకు ఆ యలవాటు లేదు, కావలసిన అవసరమును లేదు. గోంగూరకు, చెంచలికూరకు కరవు రాలేదు.

కొన్నియేండ్ల క్రిందట నేను పనిచేసిన యొక గ్రామమున నాలుగవ తరగతి బాలుడొకడు పచ్చికాయలు గుప్పెడు తిని, వాంతులతో, తలతిప్పుటతో సోలిపోయినాడు. ఇంటివారు ఆత్రపడుచుండగా పొరుగాయన జాతరలో కొన్న చిన్న పుస్తకము నొకదానిని తెచ్చి, ఇందు జుమికియాకు తలతిప్పుటకు పరమౌషధమని, ఋషిప్రోక్తమని ఉన్నదని చదివి, ఆకు దంచి రసము త్రాగింప సిద్ధపడెను. గిన్నెలో రసమును నేను కంటితో చూచితిని. బాలుని మేనమామ దానిని త్రోసివేసి, బండి కట్టించి వైద్యునియొద్దకు తీసికొనిపోయెను. బాలుడు బ్రతికినాడు, ఇప్పుడు ఇద్దరు బిడ్డల తండ్రి.

ఆ పుస్తకము పూర్తిగా కల్ల కాదు, అందుచేతనే అపాయకరము. కీర్తికరు, బసు అను వైద్యపండితుల భారతీయ మూలికాగ్రంథమున తలనొప్పికి, తలతిప్పుటకు ఈ యాకును తలపై వేసి కట్టుదురని యున్నది. పైత్యమునకును ఉబ్బసమునకును కషాయ మిత్తురనియు, బ్రెజిలు దేశమున చర్మపు వాపులకు దీనిని పట్టు వేయుదురనియు కలదు. తలపై పట్టు వేయుట ఒకటి, పచ్చిరసము త్రాగుట మరియొకటి. పైగా “ఋషిప్రోక్త” మను ముద్ర చూడుడు. అమెరికాతీగను గూర్చి అత్రిమహర్షి ఎచ్చట చెప్పెను? మూడునాలుగువందల యేండ్లలోపల జనులు వాడిచూచి నేర్చుకొన్న వాడుకను వాడుకగానే చెప్పవలెను. అట్లు చెప్పినచో, ఎంత మోతాదు, ఎవరికి, ఎట్లు అని అడుగుటకు మనకు నోరు వచ్చును. ఋషిపేరు చెప్పగానే ఆ నోరు మూతపడును. సంస్కృతము చదివిన వాడనుగనుకనే ఈ మాట గట్టిగా చెప్పుచున్నాను.

ఇక తీగను ఉంచవలెనా, పెరికివేయవలెనా యని కొందరు రైతులు నన్నడిగిరి. మలయాదేశపు రబ్బరుతోటలలో ఒకప్పుడు నేల కోతపడకుండుటకును, దర్భజాతి గడ్డిని అణచుటకును దీనిని బుద్ధిపూర్వకముగ ప్రాకించిరి. ఆస్ట్రేలియా ఉత్తరభాగమునను, పసిఫిక్కు ద్వీపములలోను ఇదే తీగ అచ్చటి చెట్లను కప్పివేసి కలుపై కూర్చున్నది. మన సీమలో వాన తక్కువ గనుక అంత విజృంభణము లేదు. బీటిమీద, కొండవాలున ఉన్న దానిని పక్షులకు విడువవచ్చును. ప్రత్తిచేని గట్టునను, పశువుల దొడ్డికంచెపైనను ఉన్నచో కాయ పండకముందే, చెమ్మనేలలో వేరుతో పెరుకవలెను. పైన కోసినంతమాత్రమున మరల చిగిర్చును. పెరికినదానిని మేకలముందు వేయరాదు. బడికంచెమీద నున్నచో పిల్లలకు ఒకసారి చూపి, కాయ పచ్చగానున్నంతవరకు చేయి వేయరాదనియు, పసుపువన్నెకు తిరిగి మెత్తబడి తాకగానే ఊడివచ్చినదే పండనియు చెప్పవలెను. ఉపాధ్యాయులు వానకాలపు తొలిదినములలో, కాయ పట్టకముందే, ఈ పాఠము చెప్పుట మేలు.